ఫ్యూజులు పట్టుకుని నిలబడడం

నేను పుట్టు పిరికిదాన్ని. బల్లి కనిపిస్తే మంచం దిగను. అయినా దయ్యాల వీడియో గేములంటే నాకు ప్రాణం. చెమటలు కక్కుతూ, ఒక కన్ను మూసుకుని, జాయ్‌స్టిక్ పట్టుకుని ఆడతాను. "కూసోని భయపెట్టిచ్చుకునే పిచ్చిదాన్ని నిన్నే చూసిన" అని అమ్మ తిట్టని రోజు లేదు. ఆ పిచ్చి మా ఇంటికి ఒక మేలు చేసింది. అది ఇప్పటికీ అమ్మ ఒప్పుకోదు కాబట్టి నేనే చెప్పాలి.

కరోనా వచ్చి ఆఫీసు వాళ్ళు ఇంటి నుంచే పని చేసుకోమన్న కాలం అది. ల్యాప్‌టాప్ సంచిలో వేసుకుని కోస్గి దగ్గరి మా ఊరికి వచ్చేశాను. ఆ వానాకాలంలోనే మా అన్న పోయాడు. మా చెలక వైపు, అదే మా మెట్టచేను వైపు, వచ్చే కరెంటు తీగ గాలివానకు తెగితే, లైన్‌మన్ వచ్చేదాకా ఆగలేక, ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర కరెంటు ఆపే హ్యాండిల్ కిందికి దించి, తనే వెళ్ళి స్తంభం ఎక్కాడు. వెంట ఎవరూ లేరు. అదే ట్రాన్స్‌ఫార్మర్ మీద మోటరు ఉన్న ఇంకో రైతు అటువైపు నుంచి వచ్చి, హ్యాండిల్ దిగి ఉండటం చూసి, దానంతటదే పడిపోయిందనుకుని పైకెత్తాడు. ఆయనకు మా మీద ఏ పగా లేదు. దినాల నాడు వచ్చి మా వాకిట్లో కూలబడి ఏడ్చాడు. ఆ తర్వాత మా ఇంటి ముందు నుంచి వెళ్ళినప్పుడల్లా తల వంచుకుని వెళ్ళేవాడు. పాపం అనాలో, ఏమనాలో నాకు అప్పుడు తెలియలేదు. కోపమే ఎక్కువ ఉండేది.

వదినకు పిల్లలు లేరు. వాళ్ళ అన్నదమ్ములు వచ్చి, యాసంగి మొదలయ్యేలోపు తల్లిగారింటికి తీసుకుపోతామన్నారు. అమ్మ కూడా చెలక కౌలుకు ఇచ్చేద్దామనే అంది. వదిన మాత్రం "నేను ఈడనే ఉంట. ఎవుసం నేనే చేస్త" అని ఒక్క మాట చెప్పి ఊరుకుంది. మాట చెప్పడం తేలికే. యాసంగిలో మా నేల తడి పెడితేగానీ దుక్కికి రాదు. తడి పెట్టాలంటే మోటరు వేయాలి. వదిన ఇంట్లో ఫ్యాను స్విచ్చి కూడా ముట్టుకోవడం లేదు.

నిజంగానే ముట్టుకోలేదు. మిక్సీ గుడ్డ కప్పుకుని మూలన కూర్చుంది, పచ్చడి రోట్లో నూరేది. దీపం వేయాలంటే నన్ను పిలిచేది. ఫోను చార్జింగు అయిపోతే నా వైపు చూసేది. నేను లేచి వేసేదాన్ని, ఇద్దరం ఆ సంగతి ఎత్తేవాళ్ళం కాదు. "మోటరు ఎయ్యనిది ఎవుసం ఎట్ల చేస్తవు బిడ్డా?" అని అమ్మ మెల్లగా అడిగితే, వదిన చేట ముందు పెట్టుకుని విత్తనానికి పల్లికాయ ఒలిచేది. ఎవరి చెలకలో పోస్తుందో తెలియని విత్తనాన్ని రోజూ ఒలిచేది.

నాకు గుబులుగా ఉండేది. వదిన మా ఇంటికి వచ్చేనాటికి నేను పదో తరగతి. నన్ను పాలమూరు కాలేజీకి పంపేది లేదని అన్న భీష్మించుకుంటే, అలిగి అన్నం మానేసి మరీ నన్ను హాస్టల్లో చేర్పించింది ఆవిడే. అన్న పోయాక, అన్నలో నాకు మిగిలిన సగం వదినే. ఆవిడ కూడా మూట సర్దుకుని వెళ్ళిపోతే ఆ ఇంట్లోకి నేను మళ్ళీ ఎలా అడుగుపెట్టాలో తెలియలేదు. ఉండమని అడగడానికి నోరు రాలేదు. ఏ హక్కుతో అడగను?

మధ్యాహ్నాలు ఆఫీసు పని కాస్త తెరిపినిస్తే, కిటికీకి దుప్పటి కట్టి గేము ఆడుకునేదాన్ని. వదిన చేట తెచ్చుకుని నా పక్కన గోడకు ఆనుకుని కూర్చునేది. మొదట్లో తెర వైపు చూసేది కాదు. తర్వాత చూపు అటే ఉండి చేతులు మాత్రం పల్లికాయ ఒలిచేవి. గేములో ఒక నర్సు, తప్పిపోయిన చెల్లెలిని వెతుక్కుంటూ కొండల్లో పాడుబడిన దవాఖానలోకి వెళ్తుంది.

"ఈ పిల్ల ఒక్కతే ఎందుకు పోతాంది? ఇంట్ల చెప్పి వచ్చిందా?" అంది వదిన.

"చెప్తే పోనిస్తరా వదినా?"

"అవ్, నీ అసొంటిదే."

అన్న పోయాక వదిన నన్ను ఎకసెక్కెం ఆడడం అదే మొదటిసారి. నేను ఆ రోజు ఆఫీసు మీటింగు కూడా ఎగ్గొట్టి ఆడాను.

ఆట సాఫీగా సాగి, దవాఖాన కింది అంతస్తులో ఆగిపోయింది. అక్కడో గది. గోడకు పాత కరెంటు డబ్బా. దానిలో ఫ్యూజు పెట్టే చోట్లు నాలుగు, ఉన్న ఫ్యూజులు మూడే. ఒక చోటు నడవలో నిండిన నీళ్ళు తోడే పంపుకు, ఒకటి ఇనుప గేటుకు, ఒకటి లిఫ్టుకు. నాలుగోది మేము నిలబడిన గదిలోని దీపానికి. పంపు ఆగితే నీళ్ళు మళ్ళీ నిండుతాయి, గేటుకు కరెంటు పోతే మూసుకుంటుంది, లిఫ్టు లేనిదే పైకి వెళ్ళలేం. అంటే ఆ మూడూ ఒకేసారి నడవాలి. ఒక ఫ్యూజేమో దీపంలో ఉంది. బయట చీకట్లో కాళ్ళీడుస్తూ తిరిగే ఒక వికారపు ఆకారం ఉంది, అది వెలుతురులోకి రాదు.

ఇంకేముంది, నాలుగో ఫ్యూజు కోసం నేను వెతకని చోటు లేదు. మంచాల కింద, మందుల బీరువాల్లో, శవాలు పెట్టే సొరుగుల్లో కూడా. పోయిన ప్రతిసారీ ఆ ఆకారం వెంటపడి చంపేది, నేను కెవ్వుమనేదాన్ని, వంటింట్లోంచి అమ్మ తిట్టేది. రోజుల తరబడి ఇదే తంతు. జవాబు ఇంటర్నెట్‌లో చూద్దామంటే మా ఊళ్ళో సిగ్నల్ ఆఫీసు పనికే సరిపోదు. పైగా వదిన ఒప్పుకోలేదు. "చూసి చేస్తె ఏం మజా? ఉండు, దొరుకుతది."

నాకెందుకు తట్టలేదో ఇప్పుడు ఆలోచిస్తే నవ్వొస్తుంది. మేము కరెంటు కోతల్లో పెరిగినవాళ్ళం. కరెంటు వచ్చిందంటే చాలు, బిందెలు నింపడం, పిండి పట్టించడం, ఉన్న లైట్లన్నీ వేసుకుని చదవడం. ఇప్పుడు రోజంతా ఉంటున్నా ఆ బుద్ధి పోలేదు. వెలుగుతున్న దీపాన్ని చేతులారా ఆర్పడం మా ఇంట్లో ఎవరికీ రాదు. అందులోనూ దయ్యాల గేములో!

ఆ మధ్యాహ్నం నేను ఓడిపోయి, జాయ్‌స్టిక్ పరుపు మీద విసిరికొట్టాను. "ఇది ఆట గాదు, పీడ. ఇంకో ఫీజు లేనే లేదు ఇండ్ల."

వదిన ఒలిచిన గింజలు చేటలో ఒక పక్కకు జరిపి అంది. "ఉన్నది గద పిల్లా. మనమున్న అర్రల దీపానికి ఉన్నదే."

"అది తీస్తే చీకటైతది వదినా. అది లోపటికొస్తది!"

"చీకటైతె ఏమైతది?"

వదిన తెర వైపే చూస్తూ నెమ్మదిగా, తనలో తాను చెప్పుకుంటున్నట్టు అంది. "నాకు చీకటంటె భయం లేదు. కరెంటు లేదని తెలిస్తె పానం నిమ్మళముంటది. ఉన్నదో లేదో తెల్వనప్పుడే భయం."

ఆ గదిలో నేను భయపడుతున్నది ఒకదానికి, వదిన భయపడుతున్నది ఇంకోదానికి. ఇన్ని రోజులు పక్క పక్కనే కూర్చుని ఆ సంగతి నాకు తెలియలేదు.

జాయ్‌స్టిక్ ఆవిడ చేతికిచ్చాను. ఏది నొక్కితే ఏమవుతుందో చూపించాను. వదిన ముందు దీపం ఫ్యూజు తీసింది. తెర నల్లబడింది. అంతటితో ఆగకుండా మిగతా రెండూ తీసింది. పంపు చప్పుడు ఆగింది. దవాఖాన మొత్తం చచ్చినట్టు ఊరుకుంది. కాళ్ళీడ్చుకుంటూ ఆ ఆకారం గదిలోకి వచ్చింది. నేను వదిన భుజంలో మొహం దాచుకున్నాను. వదిన కదల్లేదు, ఆటలోని నర్సునూ కదలనివ్వలేదు. అది చప్పుడు వింటుందే తప్ప చీకట్లో చూడలేదని అప్పుడర్థమైంది. మా పక్క నుంచే ఊపిరి పీల్చుకుంటూ వెళ్ళిపోయింది. వదిన అప్పుడు పంపుకు, గేటుకు, లిఫ్టుకు ఒక్కొక్కటే పెట్టింది. నీళ్ళు దిగిపోయాయి, గేటు కిర్రుమంది, లిఫ్టులో దీపం వెలిగింది.

నేను మంచమెక్కి గంతులు వేశాను. ఏమైందోనని అమ్మ గరిటతో పరుగెత్తుకొచ్చింది. వదిన నవ్వుతోంది. నవ్వుతూనే ఏడవడం మొదలుపెట్టింది.

"ఫీజులన్ని తీసి చేతుల పట్టుకుంటె ఎవ్వలు ఏం చెయ్యలేరు గద అత్తా" అంది అమ్మతో. "మీ కొడుకు మన లైను ఫీజులు తీసి జేబులేసుకుని పోతె అయిపోతుండె. ఆ మనిషి హ్యాండిలు ఎత్తినా ఏం కాకపోతుండె. ఎవలన్న ఒక్కలు ఆడ నిలబడ్డా అయిపోతుండె."

అమ్మ గరిట కింద పడేసి వదినను పొదువుకుంది. అన్న ఎలా పోయాడో మా ఇంట్లో ముగ్గురం కలిసి మాట్లాడుకోవడం అదే మొదటిసారి. ఆ సాయంత్రం దాకా మాట్లాడుకున్నాం, ఏడ్చాం, అన్న కోపిష్టితనం తలచుకుని నవ్వాం కూడా. ఆ గేము ఎవరు తయారు చేశారో నాకు తెలియదు. ఏ దేశంలో ఉన్నా వాళ్ళు చల్లగా ఉండాలి.

మర్నాడు పొద్దున వదిన నా గది ముందు నిలబడి, "మెకానికుకు ఫోన్ చెయ్. చెలకకు పోదాం" అంది. అన్న పోయినప్పటి నుంచి మోటరు నడవలేదు. తెగిన తీగను లైన్‌మన్ ఎప్పుడో కలిపి వెళ్ళాడు గానీ, మోటరు పెట్టిన చిన్న గదిలో ఎలుకలు వైర్లు కొరికేశాయి. కోస్గి నుంచి మెకానిక్ బండి మీద వచ్చాడు. ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర హ్యాండిల్ దించి, ఇక పని మొదలుపెడతానని మోటరు గది వైపు నడవబోయాడు.

"జర ఆగన్నా" అంది వదిన.

తనే ట్రాన్స్‌ఫార్మర్ కిందున్న ఫ్యూజుల డబ్బా దగ్గరికి వెళ్ళింది. నేను తీస్తానని ముందుకు వెళ్తే మోచేత్తో వెనక్కి నెట్టింది. మా లైను పింగాణీ ఫ్యూజులు ఒక్కొక్కటే లాగి, తెచ్చి నా రెండు చేతుల్లో పెట్టింది.

"ఈడనే నిలబడు. మేమొచ్చేదాక ఎవలడిగినా ఇయ్యకు."

"హ్యాండిలు దించిన గదమ్మా, అంత ఫికరెందుకు?" అన్నాడు మెకానిక్.

"దించిందాన్ని ఎత్తేటోళ్ళుంటరన్నా" అంది వదిన. ఆయన తల ఊపి, ఆవిడ వెంట మోటరు గదికి నడిచాడు.

ఎండలో ఆ ఫ్యూజులు గుండెకు అదుముకుని నిలబడ్డాను. బరువేమీ లేవు, అయినా చేతులు లాగాయి. నన్ను కాలేజీకి పంపిన మనిషి, ఇప్పుడు ఇంకొకరి ప్రాణం నా చేతిలో పెట్టి నమ్మకంగా వెళ్ళింది. కాసేపటికి వచ్చి, "ఇయ్యి పిల్లా" అని అడిగి తీసుకుని, డబ్బాలో పెట్టి, హ్యాండిల్ ఎత్తి, మోటరు గదిలోకి వెళ్ళి పచ్చ బొత్తాం తనే నొక్కింది. పైపు దగ్గి, ఎర్రటి బురద నీళ్ళు కక్కి, ఆ తర్వాత తేటనీళ్ళు పోసింది. విత్తనం మా చెలకలోనే పడింది. వాళ్ళ అన్నదమ్ములు వచ్చి, పల్లి మొలకలు చూసి, అన్నం తిని వెళ్ళిపోయారు.

ఆ కబురు మెకానిక్ ఎంతమందికి చెప్పాడో గానీ, మా ట్రాన్స్‌ఫార్మర్ మీద ఉన్న రైతులకు అదొక అలవాటైంది. ఎవరికి లైను పని పడినా, ఫ్యూజులు లాగి మా చెలకకు వచ్చి, "పట్టుకో చెల్లె" అని వదినకు ఇచ్చి వెళ్తారు. ఆవిడ చేతి పని ఆపి, ఆ మనిషి వచ్చేదాకా అక్కడే నిలబడుతుంది.

పోయిన యాసంగిలో నేను ఊళ్ళో ఉన్నప్పుడు, వదినా నేనూ పల్లిలో కలుపు తీస్తుంటే ఒకాయన గట్టు మీదికి వచ్చి నిలబడ్డాడు. తల ఎత్తలేదు. అప్పుడు హ్యాండిల్ ఎత్తినాయన. చేతిలో ఫ్యూజులు ఉన్నాయి. వాటిని ముందుకు చాపి అలాగే ఉండిపోయాడు. నా ఒళ్ళు మండింది. వదిన లేచి, చేతుల మట్టి చీరకు తుడుచుకుని, వాటిని తీసుకుంది.

"నిమ్మళంగ చేసుకుని రా అన్నా. నేను ఈడనే ఉంట" అంది.

ఆయన పని ముగించుకుని వచ్చేదాకా వదిన గట్టు మీద నుంచి కదల్లేదు.