నర్సక్క తల ఎందుకు వంచేది

"ఆంటీ, మమ్మీ పోయింది. డ్యూటీలో. బ్రేక్‌రూమ్‌లో కుర్చీలో కూకుని పోయింది."

మంగళవారం పొద్దున్న ఆఫీసుకి బయల్దేరుతుంటే నర్సక్క కూతురు చేసిన ఫోన్ అది. గుండెపోటట. కాఫీ కలుపుకుని కూర్చుందట, తోటి నర్సు వచ్చి చూసేసరికి అంతా అయిపోయిందట. పోవడం సంగతి తర్వాత, అసలు అక్క కూర్చుందన్న మాట దగ్గరే నాకు నమ్మబుద్ధి కాలేదు. ఇక్కడ అమెరికాలో, హెర్న్‌డన్‌లో ఆవిడ ఉండే ఫ్లాట్‌కి సరిగ్గా పై ఫ్లాట్‌లో ఇన్నేళ్లుగా ఉన్నదాన్ని నేను. ఆవిడ కుదురుగా కూర్చోవడం చర్చిలో తప్ప ఎక్కడా చూడలేదు. అక్కడ కూడా పాదం ఆడుతూనే ఉండేది.

"కాస్త కూర్చో అక్కా, నిన్ను చూస్తుంటే నాకు కళ్లు తిరుగుతున్నాయి" అనేదాన్ని.

"అయితే నువ్వు కళ్లు మూసుకో. నేనీలోపు ఈ గిన్నెలు తోమేస్తా" అనేది. మా ఇంట్లో, మా గిన్నెలు!

మా తెలుగు క్రైస్తవ సంఘం షాంటిలీలో ఒక అమెరికన్ చర్చిని ఆదివారం మధ్యాహ్నాలు అద్దెకి తీసుకుని ఆరాధన జరుపుకుంటుంది. ఆ చర్చి గుమ్మం చూస్తే మీకే నవ్వొస్తుంది. ఏనుగుని లోపలికి తోలొచ్చు. అంత గుమ్మంలోంచి కూడా నర్సక్క తల వంచుకునే లోపలికి వచ్చేది. మా పాస్టరుగారు అది గమనించారు. ఒక ఆదివారం ప్రసంగ పీఠం మీద నుంచి, "దేవుని మందిరంలోకి ఎలా రావాలో మన నర్సు సిస్టర్‌గారిని చూసి నేర్చుకోండి. ఎంత వినయం, ఎంత భక్తి!" అని పొగిడారు. అందరూ వెనక్కి తిరిగి చూశారు. అక్క నా డొక్కలో మోచేత్తో ఒక్క పోటు పొడిచింది.

"చూరు తగులుద్దని వంగుతానే నేను. భక్తా నా మొహమా!"

ఆవిడ బెజవాడ కాలవ గట్టు మీద తాటాకు పాకలో పుట్టి పెరిగింది. చూరు ఎంత కిందికి ఉండేదంటే, పిల్లలు కూడా వంగకుండా లోపలికి వెళ్లలేరట. అక్కణ్ణుంచే మిషన్ ఆసుపత్రిలో నర్సు ట్రైనింగుకి వెళ్లింది, ఆ నర్సు ఉద్యోగమే ఆవిడని ఈ దేశం తీసుకొచ్చింది. ఎన్ని తలుపులు మారినా మెడ మాత్రం పాత అలవాటు మానలేదు. ఆసుపత్రిలో, కిరాణా కొట్లో, మా ఇంట్లో, అన్నిచోట్లా వంగేది.

వాళ్లమ్మ ఆ పాకలోనే ఉంది, ఇవాళ్టికీ. ఇక్కడికి రమ్మంటే "అక్కడికొచ్చి ఎవరితో పోట్లాడాలే?" అందట. వేరే ఇల్లు చూస్తానన్నా ఒప్పుకోలేదు. ఎండాకాలం వస్తే గట్టు మీద పాకలు అంటుకుంటాయి. ఒకటి అంటుకుంటే వరసంతా పోతుంది. అందుకని ఏప్రిల్ దాటిందంటే చాలు, ఫోన్ మోగితే అక్క మొహం పాలిపోయేది.

ఒకసారి మా చర్చివాళ్లు అక్కడి పేదవాళ్లకి పంపుదామని పాత బట్టలు పోగుచేశారు. పెట్టెల నిండా చలికాలం కోట్లు! "బెజవాడ ఎండలో ఇవి తొడుక్కుంటే మనిషి వేపుడైపోతాడు" అని అక్క పగలబడి నవ్వింది. నవ్విందే గానీ, ఆ రోజంతా పార్కింగ్ లాట్‌లో చుట్లు తిరుగుతూనే ఉంది.

ఈ సంగతులేవీ కూతురికి తెలియవు. "పిల్లకెందుకు అవన్నీ" అనేవారు బావగారు. ఆయనది గుంటూరులో కాస్త కలిగిన కుటుంబం. ఇండియా వెళ్లినప్పుడు ఆ ఇంట్లోనే దిగేవారు. అమ్మమ్మే గంజి పెట్టిన చీర కట్టుకుని బస్సులో అక్కడికొచ్చి, కుర్చీ అంచు మీద కూర్చుని, మనవరాల్ని చూసుకుని వెళ్లిపోయేది. వియ్యాలవారింట్లో నోరు విప్పేది కాదట. ఆ పిల్లకి తెలిసిన అమ్మమ్మ అంతే.

పిల్ల కాలేజీకి వెళ్లాక, పేద దేశాల్లోని మురికివాడల మీద ఏదో కోర్సు తీసుకుంది. ఒక శనివారం ఇంటికొచ్చి వాళ్లమ్మకి పాఠం మొదలుపెట్టింది. నేను అక్కడే బల్ల దగ్గర చిక్కుళ్లు ఒలుస్తున్నాను.

"మమ్మీ, యూ వోంట్ బిలీవ్. స్లమ్స్‌లో ఒక్క రూమ్‌లో హోల్ ఫ్యామిలీ లివ్ చేస్తారు. కిచెన్ కూడా ఉండదు."

"మరి వంటెక్కడ చేసుకుంటారంట?" అంది అక్క, పులుసు కలుపుతూ.

"ఐ డోంట్ నో. బుక్‌లో లేదు."

"బయట. మూడు రాళ్ల పొయ్యి. వానొస్తే లోపలికి తెచ్చుకుంటాం. పొగకి అందరి కళ్లూ కారిపోతుంటే మా అమ్మ గట్టిగా పాటెత్తుకునేది, మేమేదో ఏడుస్తున్నామని పక్క పాకవాళ్లు అనుకోకుండా."

పిల్ల నోరు తెరుచుకుని చూసింది. "మీ అమ్మ అంటే... అమ్మమ్మ?"

"మీ అమ్మమ్మే. ఇంకా అక్కడే ఉంది."

తర్వాత ఆ పిల్ల అక్క చెయ్యి పట్టుకుంది, కళ్లనిండా నీళ్లు. "ఓ మమ్మీ, యూ సఫర్డ్ సో మచ్! నేను నిన్ను ఇంటర్వ్యూ చేయొచ్చా? నా పేపర్‌కి?"

"నన్ను ఇంటర్వ్యూ చేస్తావా? నేనేమన్నా నీ హోమ్‌వర్కునా?" అని గరిట సింకులో విసిరికొట్టి బయటికి వెళ్లిపోయింది అక్క. నేను వెనకాలే పరిగెత్తాను. కార్ల మధ్య గబగబా నడుస్తోంది.

"దాని మొహం చూశావా? నా కడుపున పుట్టింది నన్ను చూసి జాలి పడిందే! రేపు మా అమ్మని కూడా అలాగే చూస్తది. దూరంగా నిలబడి అయ్యో అనేవాళ్లంటేనే మా అమ్మకి ఒళ్లు మంట. మనవరాలే అలా అంటే తట్టుకోలేదు. నేనూ తట్టుకోలేను."

చివరికి తనే తేల్చింది. సెమిస్టర్ అయిపోగానే పిల్లని బెజవాడ పంపించింది. "సెలవులన్నీ మీ అమ్మమ్మ దగ్గరే ఉండు. రాయటానికి కాదు, ఉండటానికి" అని చెప్పింది. బావగారు ఎగిరిపడ్డారు. అయినా అక్క వినలేదు.

సరిగ్గా మే నెల! పాకలు అంటుకునే రోజుల్లో ఉన్న ఒక్క కూతుర్నీ అక్కడికి పంపి, ఇక్కడ ఆవిడ పడ్డ అవస్థ నేను చెప్పలేను. తన ఫోన్ ఎంగేజ్ ఉంటే కష్టమని మా నెంబరు కూడా ఇచ్చింది. డ్యూటీ నుంచి రావడం, మెట్లెక్కి మా తలుపు కొట్టడం, "మోగిందా?" అనడం. లేదంటే మళ్లీ కిందికి. ఒకే ఒక్కసారి ట్రంకాల్ వచ్చింది. "ఐయామ్ ఫైన్ మమ్మీ, వెనక లైన్లో చాలామంది ఉన్నారు, బై." ఆ ఒక్క ముక్కనీ పట్టుకుని రోజుల తరబడి నా ప్రాణం తీసింది. "ఫైన్ అంది గానీ బాగుంది అనలేదేమే? గొంతు బొంగురుగా లేదూ? ఏడ్చి ఉంటదా?"

"అంత భయమున్నదానివి ఎందుకు పంపావు?" అని ఒకరోజు విసుక్కున్నాను. అక్క వెళ్లి మా కిటికీ అద్దాలు తుడవడం మొదలుపెట్టింది.

ఆగస్టులో అక్కతో కలిసి ఎయిర్‌పోర్టుకి, డల్లెస్‌కి వెళ్లి నేనే కారులో తీసుకొచ్చాను ఇద్దర్నీ. పిల్ల నల్లబడింది, చిక్కింది. నుదుటి మీద పైన ఒక మచ్చ.

"ఇదేంటే?" అంది అక్క.

"చూరు. ఫస్ట్ డేనే మూడుసార్లు తగిలింది. అమ్మమ్మ ఫస్ట్ నవ్వింది, తర్వాతే పసుపు పెట్టింది."

అక్క ముందు సీట్లో ఒళ్లో చేతులు నలుపుకుంటూ ఉంది. ఏ మాట వస్తుందోనని ఆవిడ ఎదురుచూస్తోందని నాకు తెలుసు. వెనక సీట్లోంచి ఆ పిల్ల ముందుకి వంగింది.

"మమ్మీ, అమ్మమ్మ అంత ఫన్నీ అని నాకెందుకు చెప్పలేదు?"

అక్క కిటికీ వైపు తిరిగిపోయింది. భుజాలు కదులుతున్నాయి. ఏడుస్తోందనుకున్నాను. నవ్వుతోంది. కాదు, రెండూ. ఈలోపు ఆ పిల్ల పంపు దగ్గర అమ్మమ్మ ఎలా పోట్లాడుతుందో కొంగు దోపుకున్నట్టు నటిస్తూ చూపించడం మొదలుపెట్టింది. ఆ తిట్లు, ఆ యాస, మధ్యలో ఈ అమెరికా రాగం! నవ్వు ఆపుకోలేక హైవే మీద నేను దిగాల్సిన ఎగ్జిట్ దాటేశాను. ఆ తర్వాత చర్చి భోజనాల దగ్గర "జరుగు ఆంటీ, కూకుంటా" అని ఆ పిల్ల అన్నప్పుడల్లా మా ఆడవాళ్లు బుగ్గలు నొక్కుకునేవారు. అక్క మాత్రం మురిసిపోయేది. ఆ కోర్సుకి పేపరు దేని మీద రాసిందో నాకు తెలియదు. వాళ్లమ్మ మీద మాత్రం కాదు.

మొన్న శనివారం అదే షాంటిలీ చర్చిలో భూస్థాపన ఆరాధన. బెజవాడకి టెలిగ్రాం ఇద్దామని బావగారంటే ఆ పిల్ల వద్దంది. "అమ్మమ్మకి టెలిగ్రాం ఎవరు చదువుతారు డాడీ? నేనెల్లి చెప్తా. దగ్గర కూకుని చెప్తా." సోమవారం ఫ్లైటు.

అక్క పోయిన దగ్గర్నుంచీ నాకూ కాలు నిలవడం లేదు. అక్క మీద కోపంగా ఉంది. కింద ఫ్లాట్‌లో అడుగుల చప్పుడు వినపడితే బాగుండునని ఉంది. చర్చిలో కూడా కూర్చోలేక వెనక గోడ దగ్గరే నిలబడ్డాను.

తలుపులు రెండూ బార్లా తీశారు. ముందు పెట్టె వచ్చింది. వెనకాల ఆ పిల్ల, వాళ్లమ్మ కన్నా జానెడు పొడుగు, ఏడ్చి ఏడ్చి కళ్లు ఉబ్బిపోయి, ఎటు నడుస్తోందో తెలియనట్టుగా వస్తోంది. గుమ్మం దగ్గరికి రాగానే తల వంచింది.

"చూశారా, అచ్చం తల్లి భక్తే" అని నా పక్కనున్నావిడ గుసగుసగా అంది.

నా డొక్కలో అక్క మోచేతి పోటు పడుతుందేమోనని ఒక్క క్షణం ఆగాను.