తొమ్మిదో మేకు

హిల్డూర్‌కి మాటలు తక్కువ. ఆరో తరగతిలో ఉండగా తల్లికి క్షయ పట్టుకుంది. ఇంట్లో రెండు ఆవులు, ఇద్దరు చిన్నవాళ్లు. బడి అంతటితో ఆగిపోయింది. బడికి వెళ్లిన రోజుల్లోనూ పంతులమ్మ ఏదైనా అడిగితే ఊపిరి ఒక్కసారి చిన్నగా లోపలికి పీల్చేది. ఆ ఉత్తరాది అడవుల్లో ఔనని చెప్పడానికి అది చాలు. కాదని చెప్పాల్సి వచ్చినప్పుడే ఆమెకి ప్రాణం మీదికి వచ్చేది.

పంతొమ్మిదో ఏట స్వార్ట్‌షేన్ అడవిలో చెట్లు నరికేవాళ్ల గుడిసెకి వంటమనిషిగా వచ్చింది. అంతకుముందు అక్కడ వంటమనిషి లేదు. తొమ్మిది మంది మగవాళ్లు, తొమ్మిది పెనాలు. ఎవరి పంది ముక్క వాళ్లే వేయించుకునేవాళ్లు. గుమ్మం బయటి చల్లటి వసారాలో ఎవరి తిండి మూట వాళ్ల మేకుకి వేలాడేది. హిల్డూర్ వచ్చాక పెనాలు అటకెక్కాయి. మేకులకి ఇప్పుడు రంపాలు తగిలిస్తున్నారు. అందరికీ కలిపి ఒకటే కుండ, ఒకటే అలమార.

నోరు లేకపోయినా ఆమెకి కళ్లున్నాయి. ఎవరికి పాలు పడవో, ఎవరు మాడిన అంచు ఇష్టంగా తింటారో వారం తిరక్కుండా కనిపెట్టేసింది. ముసలి వాల్‌ఫ్రిద్ తనలాంటివాడేనని కూడా కనిపెట్టింది. ఆయన బల్ల చివర కూర్చుంటాడు. ఉప్పు కావాలన్నా అడగడు, ఎవరైనా అందించేదాకా ఊరుకుంటాడు. హిల్డూర్ అడక్కుండానే ఆయన ముందు ఉప్పు పెట్టేది.

క్రిస్మస్‌కి అందరూ ఇళ్లకి బయల్దేరుతుంటే, పండగలో మిగిలిన పందితొడ మాంసం తెమ్మని గుర్రపుబండి తోలే ఎవెర్ట్‌తో చెప్పించింది. దుంపలతో కలిపి ఓవెన్లో పెట్టి లోడా కాలుస్తానంది. వాల్‌ఫ్రిద్ అప్పటికే లేడు. భార్యకి బాగాలేదని కబురొస్తే డిసెంబరు మొదట్లోనే వెళ్లాడు.

పండగలు ముగిశాక ఆదివారం సాయంత్రం వాల్‌ఫ్రిద్‌తో సహా అందరూ తిరిగొచ్చారు. సోమవారం పొద్దున వాళ్లు అడవిలోకి వెళ్లగానే హిల్డూర్ వసారాలోకి వచ్చి చూసింది. అలమారలో ఎనిమిది మూటలున్నాయి. తొమ్మిదోది వాల్‌ఫ్రిద్ మేకుకి, రంపం తీసిన చోట వేలాడుతోంది. తెల్లగుడ్డ, ఎర్రదారం.

అలమారలో పెట్టడానికి మొహమాటపడ్డాడనుకుంది. అడిగితే ఇంకా ఇబ్బంది పడతాడనుకుని అడక్కుండానే తీసుకుంది.

విప్పితే అది పచ్చి తొడ. ఉప్పులో ఊరి గట్టిపడింది, ఎక్కడా కత్తి పడలేదు. నీళ్లు మారుస్తూ మధ్యాహ్నం దాకా నానబెట్టి ఉడికించింది. ఎముక తీసి పక్కన పెట్టింది. దుంపలు పలచగా తరిగి, ఉల్లిపాయలు వెన్నలో మగ్గించి, పెద్ద ఇనప పళ్లెంలో దుంపల మీద మాంసం, మాంసం మీద దుంపలు పరిచింది. గుడ్లు గిలక్కొట్టిన పాలు పోసి, పైన రొట్టెపొడి చల్లి ఓవెన్లోకి తోసింది.

చీకటి పడే వేళకి ఎవెర్ట్ గుర్రాన్ని కట్టేసి లోపలికొచ్చాడు.

"అబ్బ, ఏం వాసనే పిల్లా! మా ఆవిడ ఇది చూసిందంటే నన్నిక్కడికి పంపదు. ఎవరి తొడ ఎక్కువుంది ఇందులో, నాదేనా?"

"అందరిదీ ఉంది బాబాయ్."

"యోన్‌గాడిది కూడానా? వాడి పంది బతికుండగానే ఎండిపోయిందిగా!"

హిల్డూర్ నవ్వబోయింది. ఎవెర్ట్ చూపు బల్లమీదున్న ఎర్రదారం దగ్గర ఆగిపోయింది. టోపీ తీశాడు.

"ఇదెక్కడిది?"

"వాల్‌ఫ్రిద్ పెదనాన్నది. మేకుకుంటే తీశాను."

"అది వాడి భార్య ఎల్నా ఊరేసిన తొడే. నవంబరులో పందిని కోసినప్పుడు తన చేత్తో ఉప్పు పట్టించింది. పండక్కి రెండు వారాల ముందు పోయింది. రమ్మన్నా మా ఇంటికి రాలేదు వాడు. దాన్ని కొయ్యనూ లేదు, ఇంట్లో వదిలి రానూ లేదు."

హిల్డూర్ పొయ్యి కడ్డీ పట్టుకుని నిలబడింది. "నాకెవరూ చెప్పలేదు."

"నువ్వడిగావా?" అన్నాడు ఎవెర్ట్. ఆ మాటలో కోపం లేదు. "నేను చెప్పనా వాడికి?" అన్నాడు.

ఇన్నాళ్లూ ఆమె మాటలన్నీ ఎవెర్టే మోశాడు. అలవాటుగా ఊపిరి సగం లోపలికి వెళ్లింది. అక్కడే ఆపేసింది.

"వద్దు బాబాయ్. నేను చెప్తా."

శాలువా అయినా లేకుండా మంచులోకి నడిచింది. వాల్‌ఫ్రిద్ రంపం భుజాన వేసుకుని, మిగతావాళ్ల వెనకగా వస్తున్నాడు.

"పెదనాన్నా, మీ మేకుకున్న మూట నేను తీశాను. మిమ్మల్ని అడగలేదు. కోసి లోడాలో వేసేశాను. తప్పు చేశాను."

ఆయన గడ్డం మీద మంచు పేరుకుంది. రంపం భుజం మీంచి దించాడు.

"అంతానా?"

"ఎముకుంది. గుడ్డా, దారమూ ఉన్నాయి."

ఆయన ఊపిరి చిన్నగా లోపలికి పీల్చి, ఆమెని దాటి వసారాలోకి వెళ్లాడు. ఖాళీ మేకుకి రంపం తగిలించాడు.

బల్లమీద లోడా పెడితే ఒక్కరూ గరిటె ముట్టలేదు. అప్పటికి అందరికీ తెలిసిపోయింది. వాల్‌ఫ్రిద్ ముందుకి వంగి అంచు నుంచి ఒక ముక్క కోసుకున్నాడు. నమిలాడు.

"ఎంతసేపు నానేశావు?"

"మధ్యాహ్నం దాకా. నీళ్లు మూడుసార్లు మార్చాను."

"ఎల్నా రాత్రంతా నానేసేది." ఇంకో ముక్క తిన్నాడు. "అయినా ఉప్పు సరిపోయింది."

"దుంపల్లో వెయ్యలేదు పెదనాన్నా."

ఆయన తలూపాడు. గరిటె పక్కవాడికి అందించాడు.

"నా పంది కూడా ఉందిందులో. దాన్ని పలకరించే దిక్కే లేదు!" అన్నాడు యోన్. ఒకరిద్దరు నవ్వారు. వాల్‌ఫ్రిద్ మీసం కొంచెం కదిలింది.

గిన్నెలు తీశాక హిల్డూర్ ఎముకని ఆ తెల్లగుడ్డలోనే చుట్టి తెచ్చింది. ఎర్రదారంతో, విప్పినప్పుడు చూసిన ముడే మళ్లీ వేసింది. ఆయన ఆ ముడిని వేలితో తడిమాడు. మెల్లగా విప్పి, దారాన్ని వేలికి చుట్టుకుని, చొక్కా జేబులో పెట్టుకున్నాడు. ఎముకని ఆమె వైపు జరిపాడు.

"గురువారం బఠాణీ సూపులో వెయ్యి."

"మీరు దాచుకోరా?"

"దాచి ఏం చేస్తానమ్మా. అందరం తిందాం."

హిల్డూర్ ఆ తర్వాత పద్దెనిమిది చలికాలాలు అడవి గుడిసెల్లో వండింది. ఏ గుడిసెకి వెళ్లినా మొదటిరోజు వసారాలో నిలబడి, మేకు మేకుకీ మనిషిని పేరుపెట్టి పిలిచి, కుండలోకి ఏది, దాచుకునేది ఏది అని అడిగేది. ఆమె గొంతు అప్పటికీ సన్నగానే ఉండేది. వినడానికి వాళ్లే దగ్గరికొచ్చేవాళ్లు.