ఉల్రిక్ దొర పారబోసిన నీళ్ళు

కాస్త ఎత్తు కనిపిస్తే చాలు, మా ఉల్రిక్ దొర గుర్రం దిగి, నీళ్ళు కాచి, టీ వెయ్యకుండా పారబోసేవాడు. ఆయన గురించి ఇంకేం చెప్పాలన్నా ఈ ముక్క తరవాతే.

జర్మనీ నుంచి మా తియాన్‌షాన్ కొండల్లోకి పువ్వులూ పురుగులూ రాళ్ళూ ఏరుకోవడానికి వచ్చాడు. పొడుగాటి మనిషి, ఎర్రగడ్డం, దేన్ని చూసినా పసిపిల్లాడి సంబరం. నేను ఆయనకు దారి చూపించేవాణ్ణి. పేరు ఎర్మెక్. దొరని కొండ ఎక్కించడమే నా పని కదా అని ఒప్పుకున్నాను. తీరా చూస్తే నా బతుకంతా ఆయన గుర్రం దిగినప్పుడల్లా కళ్ళెం పట్టుకు నిలబడడానికే సరిపోయింది.

ఆయన పాత్ర మన ఇళ్ళలో కెటిలు లాంటిది కాదు. పిడికెడంత ఇత్తడి గిన్నె. కింద చిన్న సారా దీపం. మూతకున్న బెజ్జంలోంచి లోపలికి ఒక గాజుపుల్ల. నీళ్ళు మరగగానే ఆ పుల్లకి కన్ను ఆనించి చూసి, "ఆహా!" అనేవాడు. మరుక్షణం నీళ్ళు నేలపాలు.

వచ్చిన మొదటిరోజే మా గుడారాల వెనక దిబ్బ మీద దీపం ముట్టించాడు. ఆవిరి కనపడగానే, కొత్త చుట్టం టీ పెడుతున్నాడనుకుని బురుల్ అవ్వ తన గిన్నె పట్టుకుని బయల్దేరింది. ఆవిడ వెనకాలే మిగతా ముసలాళ్ళూ వెళ్ళారు. అందరూ చుట్టూ చేరి గిన్నెలు చాపారు. దొర పుల్ల చూశాడు, ఆహా అన్నాడు, నీళ్ళు గడ్డిలో కుమ్మరించాడు.

"అయ్యయ్యో! టీ ఏది నాయనా?"

"టీ కాదవ్వా. కొండ ఎత్తు చూశాను."

"దానికి నీళ్ళెందుకు? తలెత్తి చూస్తే కనపడదూ?"

"పైకి వెళ్ళేకొద్దీ నీళ్ళు తక్కువ వేడికే మరుగుతాయి. ఆ వేడి ఎంతో చూస్తే ఎత్తు తెలిసిపోతుంది."

అవ్వ తన ఖాళీ గిన్నెలోకి ఓసారి చూసుకుంది. "అంటే కొండకి జ్వరం చూస్తున్నావన్నమాట. ఎలా ఉంది మరి? తగ్గిందా?"

ఇక చూసుకోండి. ఏ లోయకి వెళ్ళినా జనం ఎదురొచ్చి, "దొరా, మా కొండకి ఒంట్లో ఎలా ఉంది?" అనేవారు. దొర ఏమాత్రం నొచ్చుకోకుండా, "కులాసాగానే ఉంది, పథ్యం అక్కర్లేదు" అని జవాబు చెప్పేవాడు.

ఒకసారి శిఖరం మీద ఉండగా వడగళ్ళవాన పట్టుకుంది. నేను గుర్రం పొట్టకింద దూరాను. దొర తన కోటు విప్పి దీపానికి అడ్డం పెట్టి, తను తడుస్తూ దాని మీదికి వంగాడు.

"దొరా, గడ్డం అంటుకుంది!"

"నీళ్ళు మరిగాయా?"

"గడ్డం దొరా, గడ్డం!"

"గడ్డం మళ్ళీ మొలుస్తుందయ్యా. దీపం ఆరితే మళ్ళీ మొదట్నించీ కాచాలి."

ఆ వేసవంతా ఒంటిపక్క గడ్డంతోనే తిరిగాడు మహానుభావుడు.

ఆ వేసవిలోనే బురుల్ అవ్వ కూతురు సైకాల్‌కి చాలా ఏళ్ళకి కొడుకు పుట్టాడు. సైకాల్‌ది కొండకి అవతలి లోయ. తొలిచూలు బిడ్డకి కొయ్యతొట్టి తీసుకెళ్ళవలసింది అమ్మమ్మ, అందులో మొదట పడుకోబెట్టవలసిందీ అమ్మమ్మే. ఇది మాలో ఆచారం. తొట్టి ఎప్పుడో తయారైంది. వెళ్ళడమే కుదరలేదు. తెల్లకనుమ దాటితే గాని అవతలి లోయ రాదు. ఆ ఎత్తుకి వెళ్ళేసరికి అవ్వకి ఊపిరాడదు, పెదాలు నల్లబడిపోతాయి. రెండుసార్లు బయల్దేరి రెండుసార్లూ సగంలోంచి తిరిగొచ్చింది. వచ్చి ఆ మాట ఒప్పుకుంటుందా? ఒప్పుకోదు.

"గుర్రం మొండికేసిందిరా. దానికి ఆయాసం" అనేది, గుండె పట్టుకుని.

"పోనీ తొట్టి మేం చేరుస్తాంలే అవ్వా" అన్నాను.

"తొట్టి చేరుతుందిరా. వాణ్ణి పడుకోబెట్టవలసిన చేతులు ఇక్కడే ఉండిపోతే?"

ఇంకొన్నాళ్ళలో మంచు పడి కనుమలు మూసుకుపోతాయి. మళ్ళీ తెరుచుకునేసరికి పిల్లాడు తొట్టి దిగి పరిగెడుతుంటాడు. ఆ రోజు అవ్వ పోసిన గుర్రప్పాల కుమిస్ తాగుతూ దొర ఇదంతా విన్నాడు.

మర్నాటినుంచి ఆయన పిచ్చి ముదిరింది. కాచిన చోటే మళ్ళీ కాచాడు. కాయని గుట్ట లేదు. తన సామాను కట్టుకుని వెళ్ళిపోవలసిన రోజులు దాటిపోతున్నా పట్టించుకోలేదు. చివరికి, అదే కొండకి ఇంకో పక్కన ఉన్న నల్లకనుమ వైపు చెయ్యి చూపించాడు. కిందనుంచి చూస్తే ఆకాశానికి గుచ్చుకున్నట్టుండే రాళ్ళ మధ్య చిన్న సందు అది.

"అది దారి కాదు దొరా."

"ఎవరు చెప్పారు?"

"ఒకరు చెప్పేదేముంది? గొర్రెల మంద పట్టదు."

మాకు అంతే. మంద పట్టనిది దారే కాదు. మా తాతముత్తాతలు అటుకేసి తలైనా తిప్పలేదు. దొర మాత్రం నన్ను ఈడ్చుకెళ్ళాడు. పైన నీళ్ళు కాచి, పుల్ల చూసి, ఈసారి ఆహా అనలేదు. కళ్ళు తుడుచుకుని మళ్ళీ చూశాడు. తరవాత ఆ రాళ్ళమీదే గంతులేశాడు.

"ఎర్మెక్! ఇది తెల్లకనుమ కంటే చాలా కిందుంది!"

"ఉంటే? గొర్రెలు పట్టవుగా?"

"బురుల్ అవ్వ గొర్రె కాదు కదయ్యా!"

గబగబా కిందికి దిగి అవ్వకి చెప్పాను.

అలా బయల్దేరాం. అవ్వ గుర్రం మీద, తొట్టి నా వీపు మీద, ముందు దొర. పట్టుమని పది బారలు వెళ్ళామో లేదో, దొర దిగి దీపం ముట్టించాడు. ఇంకాస్త వెళ్ళాక మళ్ళీ. ఆ పై మలుపులో మళ్ళీ.

"ఓరి నీ పిచ్చి తగలెయ్య! గడియకోసారి జ్వరం చూస్తే ఏ కొండకైనా విసుగు పుట్టదూ?" అని అవ్వ గుర్రం దిగి రాతి మీద చతికిలబడింది. నీళ్ళు మరిగేలోగా ఆవిడ రొప్పు తగ్గింది, మొహంలోకి రంగొచ్చింది. దొర పాత్రకి కన్ను ఆనించి, "ఆహా" అని నీళ్ళు పారబోశాడు.

అప్పుడు తట్టింది నాకు. గాజుపుల్ల తోలుపెట్టెలో భద్రంగా ఉంది. ఆ పెట్టె నా జీనుసంచిలో ఉంది. ఈయన ఉత్త బెజ్జంలోకి చూస్తున్నాడు.

పక్కకి లాగి, "దొరా, పుల్ల..." అన్నాను.

"ఈ కొండ ఎత్తు నాకు తెలుసు ఎర్మెక్. నువ్వు గుర్రాన్ని చూసుకో" అని మళ్ళీ దీపం దగ్గరికి వెళ్ళి కూర్చున్నాడు.

నాకు ఆ క్షణంలో ఆ ఒంటిపక్క గడ్డాన్ని ముద్దెట్టుకోవాలనిపించింది.

కనుమ నెత్తిన ఆఖరిసారి నీళ్ళు మరిగాయి. దొర పాత్ర ఎత్తబోతుంటే అవ్వ చెయ్యి అడ్డం పెట్టింది. రొండిలోంచి అచ్చుకట్టిన టీ ఆకు ముక్క తీసి అందులో పడేసింది. "ఈ నీళ్ళు కూడా పారబోశావంటే నిన్నే కిందికి తోసేస్తాను." ముగ్గురం తలో గుక్కా తాగాం. ఆ ఎత్తులో టీ ఏం దిగుతుంది, రంగు నీళ్ళు. దొర మాత్రం కళ్ళు మూసుకుని, "ఆహా!" అన్నాడు.

సాయంత్రానికి సైకాల్ గుడారం చేరాం. అవ్వ మనవణ్ణి తొట్టిలో పడుకోబెట్టి, వాడు జారిపోకుండా తొట్టి పట్టీలు బిగించి, పాట అందుకుంది. సైకాల్ తల్లి భుజం వదల్లేదు. దొర గుమ్మంలో నిలబడి ముక్కు గట్టిగా చీదాడు. జలుబట.

తరవాత అవ్వ నన్ను పక్కకి పిలిచింది. "గాజుపుల్ల నీ సంచిలోనే ఉంది కదరా?"

"నీకు తెలుసా అవ్వా!"

"మెల్లిగా! నాకు తెలిసిందని తెలిస్తే సిగ్గుపడి, తిరుగుదారిలో ఆగడం మానేస్తాడు. అప్పుడు నా గుర్రం గతేం కాను? అసలే దానికి ఆయాసం."