పెనుమూడి మాస్టారి యుద్ధనౌకలు

రెండేళ్ల క్రితం ఈ బ్లాగులోనే బ్రిటిష్ యుద్ధనౌకల గురించి రాస్తూ, ఇనుప కవచంతో సముద్రంలోకి దిగిన మొదటి పెద్ద నౌక వారియర్ అన్నాను. ఫ్రెంచివాళ్ల గ్లువార్ అనే ఓడ అంతకు ముందే వచ్చిందని పెనుమూడి నుంచి ఒక రిటైర్డ్ హిస్టరీ మాస్టారు కింద వ్యాఖ్య పెట్టారు. తానూ ఈ నౌకల మీద తెలుగులో పుస్తకం రాస్తున్నానని, వీలుంటే వచ్చి చూడమని కూడా రాశారు. "మీ పాఠాలు నాకక్కర్లేదు" అని జవాబిచ్చి, ఆ వ్యాఖ్య తీసేశాను. ఆయన చెప్పిందే నిజమని పోయిన నెలలో తెలిసింది. అందుకే ఈ ప్రయాణం.

ఆదివారం ఉదయం తెనాలిలో రేపల్లె ప్యాసింజర్ ఎక్కాను. ప్రయాణం గంటకు కాస్త అటూ ఇటూ. టికెట్ ప్లేటు ఇడ్లీ కంటే చవక. రేపల్లెలో టిఫిన్ చేసి షేర్ ఆటో ఎక్కాను. పెనుమూడికి ఇరవై రూపాయలు. హిస్టరీ మాస్టారిల్లు ఎక్కడని అడిగితే డ్రైవరు, "ఆయన దగ్గరికాండి? పాపం, చూపు పోయిందండి. ఏడాది పైనే అయింది" అన్నాడు.

మాస్టారి భార్య నన్ను వరండాలో కూర్చోబెట్టి మజ్జిగ ఇచ్చింది. నేనెవరో చెప్పి, క్షమించమన్నాను. మాస్టారు నా గొంతు వినిపించిన వైపు తిరిగారు.

"అప్పుడొచ్చుంటే బావుండేది బాబూ. చదివి వినిపించేవాణ్ణి."

ఆవిడ ఆరు నోటుబుక్కులు తెచ్చింది. అంతా గొలుసుకట్టు రాత, సగం పొడి అక్షరాలు. ఒక్క లైనూ అంతుపట్టలేదు.

"నాకూ అర్థం కాదు బాబూ. ఆయన రాత ఆయనకే తెలుసు," అందావిడ.

గుర్తున్నంతవరకు చెప్పమని పెన్ను తీశాను. ఆయన గొంతులోకి ఓపిక వచ్చింది. "గ్లువార్ చెక్క ఓడేనండి, పైన ఇనుప రేకులు తొడిగారంతే. వారియర్ ఒళ్లే ఇనుము. అదీ పదేళ్లకే పాతదైపోయింది. తర్వాత తెరచాప కొయ్యలు తీసేసి, ఫిరంగుల్ని చుట్టూ తిరిగే గదుల్లో పెట్టారు." అలా తొమ్మిది పేజీలు రాసుకున్నాను. డ్రెడ్‌నాట్ అనే నౌక దగ్గరికొచ్చి ఆగిపోయారు. "పెద్ద ఫిరంగులన్నీ ఒకే కొలతలో పెట్టారు. దాని గురించి నేనొక సంగతి పట్టుకున్నాను. ఏంటది? ఇందులో రాశానండి," అంటూ నోటుబుక్కు అట్టను నిమిరారు.

ఇంటికొచ్చి పాత పోస్టులో తప్పు దిద్దాను. తీసేసిన ఆయన వ్యాఖ్య మాత్రం తిరిగి రాలేదు. చూపున్న రోజుల్లో ఆయన పిలిచారు, నేను వెళ్లలేదు. ఇకనుంచి ప్రతి ఆదివారం వెళ్లి కూర్చున్నా, ఆయనకే గుర్తురానిది నేను రాయలేను.

వెళ్లేవారికి ఒక మాట. రేపల్లె నుంచి మధ్యాహ్నం రైళ్లు తక్కువ. తిరుగు రైలు వేళ ముందే కనుక్కోండి. నేను కనుక్కోలేదు. ఆయన ఏదో గుర్తుచేసుకుని మళ్లీ మొదలుపెడుతుంటే, రైలు పోతుందని మధ్యలో లేచి వచ్చేశాను.