బావగారూ, అరవకండి

పెళ్ళికి ముందు మా కోడలు మాకు పెట్టిన షరతు ఒక్కటే.

"నా పెళ్ళిరోజున నాను ఎవరి మాటా ఎవరికీ చెప్పను అంకుల్. పెళ్ళికూతురిలాగ కూకుంటాను. అంతే," అంది.

మా అబ్బాయి కాఫీ గ్లాసులోకి తొంగిచూస్తూ కూర్చున్నాడు. అంటే వాడికి ముందే తెలుసన్నమాట.

ఆ పిల్ల అమ్మానాన్నలిద్దరికీ పుట్టుకతోనే వినబడదు. తనకి మాత్రం వినబడుతుంది. మాటలొచ్చిన దగ్గర్నుంచీ ఇంటికీ లోకానికీ మధ్య నిలబడి అటు మాట ఇటు, ఇటు సైగ అటు మోస్తూనే ఉంది. ఆసుపత్రిలో డాక్టరు మాట, బ్యాంకులో కౌంటరు మాట, ఇంటి ఓనరు తిట్లు, ఆఖరికి బళ్ళో తన మీద టీచరు చెప్పిన చాడీలు కూడా.

"చాడీలు మింగేసేదానివి కదా?" అన్నాను ఆశగా. నేనైతే అదే చేసేవాణ్ణి.

"లేదంకుల్, మొత్తం చెప్పేసేదాన్ని. మా నాన్న ముఖం చూసి అబద్ధం ఆడలేం."

చర్చిలో ప్రార్థన జరిగినంతసేపూ సైగల్లో చెప్పడానికి ఒక మేడం వస్తారట. ఆవిడ ఆ మధ్యాహ్నమే రైలెక్కి వెళ్ళిపోవాలి. ఆ తర్వాత భోజనాలు, ఫొటోలు, పలకరింపులు, అలకలు ఎవరు చూసుకుంటారు? ఎవరూ లేకపోతే అలవాటు కొద్దీ ఈ పిల్ల చేతులే లేస్తాయి. తన పెళ్ళిలో తనే డ్యూటీ చేసుకోవాలి.

"ఓస్, ఇంతేనా తల్లీ! నాను పోర్టులో సేతుల్తోనే బతికినోణ్ణి. నాకొగ్గీ," అన్నాను.

అబద్ధం కాదు. రిటైరయ్యేదాకా నా పని క్రేనుకి సైగలివ్వడం. ఓడ కడుపులో సరుకు ఎక్కడుందో పైన కేబిన్లో కూర్చున్న క్రేను డ్రైవరుకి కనబడదు. అంచున నిలబడి ఎత్తు, దించు, ఆపు అని నేను చేతులాడిస్తే ఆ చేతుల్ని నమ్మి అతను బరువెత్తేవాడు. ఇంత అనుభవం ఉన్నవాడికి సైగల భాష ఒక లెక్కా? ఓ వారం చాలనుకున్నాను.

మద్దిలపాలెం జంక్షన్లో మొబైల్ షాపు మీద మేడలో సైగల భాష క్లాసు. కింద బస్సుల హారన్లు, పైన ఒక్క మాట ఉండదు. చెప్పులతోపాటు నోరు కూడా గుమ్మం బయట వదిలి రావాలని రూలు. మా టీచరుకి వినబడదు. నా కూతురి వయసు ఉంటుందేమో, కళ్ళు మాత్రం హెడ్మాస్టరు కళ్ళు. మొదటిరోజు నేర్పిన నాలుగు సైగలూ అందరికంటే ముందు చేసి చూపించి, మెచ్చుకుంటుందని నిలబడ్డాను. ఆవిడ ఒకడుగు వెనక్కి వేసి, బోర్డు మీద రాసింది.

"ఎందుకు అరుస్తున్నారు?"

నేను నోరు విప్పితే ఒట్టు!

తర్వాత తెలిసింది. సైగలు నుదుటికీ నడుముకీ మధ్య, ఒంటికి దగ్గరగా చేస్తారట. నావి భుజాల దగ్గర మొదలై కిటికీ దాకా పోతున్నాయి. క్రేను కేబిన్‌కి కనబడేలా చేసి చేసి అలవాటైన చేతులవి. ఎదుటి మనిషి చెవిలో మైకు పెట్టి కేకేసినట్టుంటుందట. పక్కవాడికి ఒక చెంపదెబ్బ కూడా తగిలింది. పాపం, బ్యాంకు ఉద్యోగి.

అంతకంటే పెద్ద చిక్కు నా ముఖం. ఆ భాషలో సగం మాట ముఖంలోనే ఉంటుంది. కనుబొమ్మలు లేస్తేనే అది ప్రశ్న. నేనేమో బండరాయిలా ముఖం పెట్టి "మీరు తిన్నారు" అని వచ్చినవాళ్ళందరికీ కబురు చెబుతున్నాను. పోర్టులో నా ముఖం ఎవడు చూశాడు గనక!

ఇంట్లో అద్దం ముందు సాధన మొదలెట్టాను. మా ఆవిడ గుమ్మంలో నిలబడి చూసింది.

"ఏటయ్యా, ఈ వయసులో కనుబొమ్మలెగరేత్తన్నావ్? ఎవుర్తది?"

"నీ వియ్యపురాలే," అన్నాను.

జాలరిపేటలో చేపలు కొంటూ కూడా వదల్లేదు. మాట్లాడకుండా వంజరం వైపు చూపించి, కనుబొమ్మలు పైకెత్తి, బుగ్గలు పూరించి పెద్దది కావాలన్నాను. చేపలమ్మే ఆవిడ కత్తి కింద పెట్టేసింది.

"ఓలమ్మో! మూతొంకరపోయిందేటి బాబూ? ఆటోని పిలవమంతావా?"

చుట్టూ ఉన్నవాళ్ళ నవ్వుల్లో చేప బేరం చెయ్యడం మర్చిపోయి ఇంటికొచ్చాను.

కొంచెం ధైర్యం వచ్చాక ఒక ఆదివారం సాయంత్రం, కోడలు వెంట లేకుండా, వన్ టౌన్‌లో వియ్యంకుడి ఇంటికి వెళ్ళాను. ఆయన ప్రింటింగ్ ప్రెస్సులో శుభలేఖలు అచ్చువేస్తారు. బెల్లు నొక్కితే లోపల బల్బు వెలిగి ఆరింది. తలుపు తీసి, నన్ను పైనుంచి కిందికి చూసి, ఆయన చేసిన మొదటి సైగ: "బాగా లావయ్యారు."

నేను బిత్తరపోయాను. మరుక్షణం గుమ్మంలోనే పడిపడి నవ్వాను. మా చుట్టాలందరూ ఆ మాట నా వెనకాలే అనుకుంటారు. ఈయన మొహం మీదే అనేసి కుర్చీ వేశారు. నాకు ప్రాణం లేచొచ్చింది. ఇంక ఆగలేదు. పెళ్ళి భోజనాల గురించి, మా పెద్దమ్మగారి పిసినారితనం గురించి నా చేతులకొచ్చిందంతా చెప్పేశాను. ఆయన కంగారుగా నా మణికట్టు పట్టుకున్నారు.

"బావగారూ, అరవకండి. ఎదురింటికి వినబడుతుంది."

కిటికీలోంచి చూశాను. సన్నటి సందుకి అవతల, మేడ మీద, ఆయన స్నేహితుడొకాయన కూర్చుని ఉన్నాడు. ఆయనకీ వినబడదు. నా ఉపన్యాసమంతా చూసేసి, మా పెద్దమ్మగారు భోజనాల్లో ఏ కూర తగ్గించమన్నారో ఇంకోసారి చెప్పమని అక్కణ్ణుంచే అడుగుతున్నాడు! మా వియ్యపురాలు నవ్వలేక కుర్చీ పట్టుకుంది. వెళ్ళొస్తానని లేచాక కూడా గుమ్మంలో కొంతసేపు, మెట్ల మీద కొంతసేపు, వీధి దీపం కింద చాలాసేపు మాట్లాడుకున్నాం. వాళ్ళలో వెళ్ళొస్తాననడం అంటే సగం దారి కూడా కాదని అప్పుడే తెలిసింది.

క్రిస్మస్ అయ్యాక పెళ్ళి. చర్చి సర్వీసు చక్కగా జరిగింది. మేడంగారు రైలుకి వెళ్ళిపోయారు. ఇక చర్చి కాంపౌండులో షామియానా కింద విందు, మధ్యలో నేను. విజయనగరం, శ్రీకాకుళం నుంచి కూడా వియ్యంకుడిగారి స్నేహితులు, వాళ్ళూ వినబడనివాళ్ళే, దిగారు. మా కుర్రాళ్ళు పెట్టిన పాటల బాక్సుల మీద అరచేతులు ఆన్చి, ఆ అదురుకి వాళ్ళేసిన స్టెప్పులు చూసి మావాళ్ళు బిర్యానీ ప్లేట్లు పట్టుకునే గంతులేశారు. నేను ఒళ్ళు తెలియకుండా తిరుగుతున్నాను. నాలుగు తప్పులు చేశాను. వియ్యపురాలు వేడినీళ్ళు అడిగితే ఐస్‌క్రీము పంపించాను. స్టేజీ మీద కోడలు అది చూసింది. దాని చేతులు ఒళ్ళోంచి లేచాయి. కింద నుంచి వాళ్ళమ్మ ఐస్‌క్రీము తింటూనే కళ్ళెర్రజేసింది: "కూర్చో. నాకిదే కావాలి." చేతులు మళ్ళీ పూలగుత్తి మీదికి వెళ్ళిపోయాయి.

అప్పుడు మా వియ్యంకుడుగారు స్టేజీ ఎక్కి, నన్ను పిలిచి, మైకు నా చేతిలో పెట్టారు. తను మాట్లాడతారట, నేను గొంతివ్వాలట. సైగ చెయ్యడం వేరు, ఎదుటివాళ్ళ సైగ పట్టుకోవడం వేరు. ఆయన నా కోసం నెమ్మదిగా మొదలుపెట్టారు.

"మా అమ్మాయి గురించి ఒక మాట చాలాసార్లు చెప్పాను. డాక్టరుకి చెప్పాను, మాస్టార్లకి చెప్పాను, మీలో చాలామందికి చెప్పాను. ఆ మాట మీ దాకా రాలేదు. మధ్యలో ఈ పిల్ల ఉంది. నేను ఇంత పొడుగున చెబితే దీని పెదాలు ఒక్కసారి కదిలేవి. 'నాన్న థాంక్స్ చెబుతున్నారు' అనేసేది. నాకు వినబడదు కానీ పెదాలు కనబడతాయి."

స్టేజీ మీద పెళ్ళికూతురు రెండు చేతులూ ఎత్తింది. "నాన్నా, చాలు!"

ఆయన కొనసాగించారు.

"వాన రేకు మీద ఎలా పడుతోందో, ఓడ ఎలా కూసిందో, ఎదురింట్లో ఎందుకు పోట్లాడుకుంటున్నారో అన్నీ తెచ్చి మాకిచ్చింది. తనమీద చాడీలు కూడా తెచ్చింది. తన గురించి మంచిమాట ఒక్కటి మాత్రం అటు చేరనివ్వలేదు. ఈరోజు మధ్యలో మా బావగారున్నారు. అందుకే చెబుతున్నాను. మా పిల్ల బంగారం."

అన్నీ పలికాను. ఆ ఆఖరి మాటకొచ్చేసరికి మైకులో ఊపిరి తప్ప ఏమీ రాలేదు. నాకు ఏడుపూ నవ్వూ కలిసి వచ్చేస్తున్నాయి. ఆయన నా పెదాల వైపే చూస్తున్నారు.

"ఏం, మీరూ మింగేస్తున్నారా?"

వెనక వరసల్లో వాళ్ళ స్నేహితులంతా పగలబడి నవ్వారు. కోడలు పూలగుత్తి మా అబ్బాయి ఒళ్ళో పడేసి లేచి, తండ్రికి ఎదురుగా వచ్చి నిలబడి గబగబా ఏదో చెప్పబోయింది. ఆయన గట్టిగా కళ్ళు మూసేసుకున్నారు. కళ్ళు మూసుకుంటే ఇంక వాళ్ళకి ఏమీ చెప్పలేం. దాని చేతులు గాల్లోనే ఆగిపోయాయి.

కళ్ళు అలాగే మూసుకుని, ఆయన నా వైపు తిరిగి చేతులాడించారు.

"అరవండి బావగారూ."

మైకు పక్కన పెట్టేసి, భుజాల దగ్గర్నుంచి చేతులు చాచి, నోటితోనూ చేతులతోనూ, ఆఖరి వరస దాకా ఆ మాటే అరిచాను.