సగం కట్టి మాట్లాడమన్నారు

పుస్తకాలు కుట్టి అట్టలు వేసే బైండింగ్ తాత కోర్టు నుంచి వచ్చి, చెప్పులైనా విప్పకుండా గడప మీద కూలబడ్డాడు.

"ఓడిపోయామా?" అంది భార్య. ఆమె ఒళ్లో మడవాల్సిన కాగితాలున్నాయి. రెండు కళ్లకూ శుక్లాలు. లోకమంతా పాలలో ముంచి తీసినట్టుంటుంది ఆమెకు. పనంతా వేళ్లే చూసుకుంటాయి.

"ఓడలేదు, గెలవలేదు. మాట్లాడొచ్చన్నారు. కానీ సగం బాకీ కోర్టులో కట్టి మాట్లాడమన్నారు. నాలుగు వారాలు గడువు."

"నీ నోట మాట రప్పించడానికి ఇన్నేళ్లూ నేను పడ్డ పాట్లు దేవుడికెరుక. ఆ జడ్జిగారి దగ్గర డబ్బు కట్టి మరీ మాట్లాడతావా?"

తాత నవ్వబోయాడు, నవ్వు రాలేదు.

దావా వేసింది అట్టలకు గుడ్డ అమ్మే కొట్టువాళ్లు. ఆ కొట్టు పెద్దాయనా తాతా ముప్పై ఏళ్ల స్నేహితులు. సరుకు దిగగానే మూట విప్పకుండానే 'బాగుంది, ముట్టింది' అన్న చీటీ మీద తాత సంతకం పెట్టేవాడు. స్నేహితుడి ఎదుట మూట విప్పి చూడటం అతనికి చిన్నతనంగా ఉండేది. పోయిన వానాకాలం వచ్చిన మూటల్లో గుడ్డంతా బూజు. నోటిమాటగా చెప్తే పెద్దాయన "నేను చూసుకుంటాలేరా" అన్నాడు. చూసుకునేలోపే కన్నుమూశాడు. కొడుకు చేతికి సంతకాలున్న చీటీలే వచ్చాయి. వాటితోనే ఆ మూటల డబ్బంతా కట్టమని దావా వేశాడు.

"సంతకమున్న చీటీల మీద వేసిన ఇలాంటి దావాలో మన వాదన చెప్పుకోవాలన్నా కోర్టు అనుమతి కావాలి తాతా," అని కోర్టు బయటే లాయరమ్మ విడమరిచి చెప్పింది. "మీ మాట నిజమే కావచ్చని జడ్జిగారికి అనిపించింది, కానీ రుజువుకు కాగితమే లేదు. అందుకే షరతు. కట్టకపోతే మీ మాట వినకుండానే తీర్పిచ్చేస్తారు."

"నా ఆపరేషన్ డబ్బుందిగా," అంది భార్య ఆ సాయంత్రం.

"దాని జోలికెళ్లావంటే ఊరుకోను."

"కళ్లు ఎక్కడికీ పారిపోవులేవయ్యా."

"డబ్బు నేను చూస్తానన్నానా!" అంటూ తాత అటు తిరిగి పడుకున్నాడు.

మూడో వారంలో, ఆమె డాక్టరు దగ్గరికి వెళ్లిన పూట, పక్కవీధి ప్రెస్సువాళ్లు వచ్చి కాగితం కోసే మిషన్ పట్టుకుపోయారు. మర్నాడే తాత బ్యాంకుకు వెళ్లి కోర్టు పేర డబ్బు కట్టాడు. ఇంటికొచ్చి ఇనుప స్కేలూ కత్తీ పట్టుకుని పుస్తకాల అంచులు చేత్తో కోయడం మొదలుపెట్టాడు. మిషన్ కోసినంత తిన్నగా రాలేదు అంచు.

పూర్తయిన పుస్తకమొకటి భార్య చేతికిచ్చాడు. ఆమె బొటనవేలితో అంచు నిమిరింది. సగం దూరం వెళ్లిన వేలు ఆగి, వెనక్కి వచ్చి, మళ్లీ నిమిరింది.

"మిషన్ ఏదీ?"

తాత కత్తి అందుకుని ఇంకో పుస్తకం ముందుకు లాక్కున్నాడు.

"అడుగుతున్నది నిన్నే. అమ్మేశావా?"

"నీ కళ్ల డబ్బు కట్టి గెలిచినా, ఆ గెలుపు నువ్వు చూడాలిగా."

ఆమె పుస్తకాన్ని గుండెకు ఆనించుకుని కూర్చుంది. తర్వాత గొంతు సవరించుకుంది.

"అంత పోసి కొన్నావు కదా మాట. కోర్టులో తడబడితే నేనూరుకోను. ఇదిగో, నేను జడ్జిని. చెప్పు."

"జడ్జిగార్లు ఒళ్లో కాగితాలు పెట్టుకు మడవరే పిచ్చిదానా."

"ఈ జడ్జి మడుస్తుంది. ఊఁ, కానివ్వు."

తాత లేచి నిలబడ్డాడు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తోచక చొక్కా అంచు పట్టుకున్నాడు.

"అయ్యా... అదే, అమ్మా... మూట విప్పగానే వానవాసన కొట్టింది. గుడ్డ మీద బూడిదరంగు మచ్చలు. వాడికి చెప్పాను. వాడు నా భుజం మీద చెయ్యేసి..." తన భుజం తానే తడుముకున్నాడు. "వాడు మోసగాడు కాదు. అది చెప్పొచ్చో లేదో."

"అదే ముందు చెప్పు," అందామె.

తాత మళ్లీ మొదటి నుంచి అందుకున్నాడు. ఈసారి స్నేహితుడితో మొదలుపెట్టాడు. ఆమె చేతిలోని కాగితం సగం మడతలో ఆగిపోయింది. అతను చెబుతూనే ఉన్నాడు.