పనసచెట్టు హద్దు

అక్క కోర్టులో వేసిన ఒప్పంద పత్రం నా చేతిరాతే. ఇన్నేళ్లు పత్రికల్లో పనిచేశాను. ఎక్కడ, ఎప్పుడు, ఎవరు అని అడగకుండా ఒక్క వార్తా పంపలేదు. సొంతింటి కాగితం దగ్గర మాత్రం అవేవీ అడగలేదు.

మందస దాటి సముద్రం వైపు వెళ్తే చిన్నాన్నకు తాతనుంచి వచ్చిన జీడితోట ఉంది. అందులో తూర్పు సగం, నూతితో సహా, అక్కకు అమ్ముతానన్నాడాయన. పడమటి సగం కొడుక్కి ఉంచుకున్నాడు.

"ఒరే, నువ్వు పేపరోడివి కదా, నాలుగు ముక్కలు రాసీ" అన్నాడు నాతో. సర్వేయరును పిలిచి కొలిపిద్దామంటే నవ్వాడు.

"మనలో మనకి కొలతలేటిరా? పనస అక్కడే ఉన్నాది. అదెక్కడికి పోద్ది?"

మా ఉద్దానం పల్లెల్లో హద్దంటే చెట్టే. ఫలానా వాళ్ల పనస, ఫలానా వాళ్ల చింత అంటారు గానీ సర్వే నంబరుతో తోటను ఎవరూ గుర్తుపట్టరు. నేనూ అలాగే రాశాను: 'పడమర హద్దు పెద్ద పనసచెట్టు, అక్కడి నుంచి తిన్నగా బండిదారి వరకు.' నుయ్యి ఆ చెట్టుకు పది అడుగులు తూర్పున ఉంది కాబట్టి అది అక్కదని వేరే రాయలేదు. అక్క సొమ్ము ముట్టజెప్పి తోటలో దిగింది. రిజిస్ట్రేషన్ తీరిగ్గా చేసుకుందాం అనుకున్నారు.

ఈలోగా తుపాను వచ్చింది. పనస వేళ్లతో సహా పెళ్లగిలి పడిపోయింది. ఊరంతా పడిపోయిన చెట్ల మీద ఏడుస్తుంటే హద్దు సంగతి ఎవరికి గుర్తుంటుంది? మరుసటి ఏడాది చిన్నాన్న పోయాడు. ఆయన కొడుకు పనస మొద్దును పలకలు కోయించుకున్నాడు, గొయ్యి పూడ్చాడు, నూతికి అవతల తూర్పున, అదే హద్దన్నట్టు, వరసగా జీడి మొక్కలు నాటాడు. అక్క రిజిస్ట్రేషన్ అడిగితే ఒకటే మాట: "సేత్తానక్కా, నేనేటి కాదన్నానా? నుయ్యి మాత్రం నా వైపుది."

అక్క దావా వేసింది. అప్పట్నుంచీ వాయిదాలే. ఒకరోజు అవతలి లాయరు గడువు అడుగుతాడు, ఇంకోరోజు మా లాయరు వేరే కోర్టులో ఉంటాడు. మోకాళ్ల నొప్పితో అక్క పలాస బస్సెక్కడం, సాయంత్రానికి ఒట్టి చేతులతో దిగడం.

చివరికి హద్దు చూసి రమ్మని కోర్టు ఒక లాయరును కమిషనరుగా పంపింది. ఆయన నా కాగితం చేతబట్టుకుని తోటంతా చూశాడు.

"పనసచెట్టు ఏదండీ?"

"ఇక్కడే ఉండీది బాబూ" అంది అక్క, కాలితో నేలమీద గీస్తూ.

"ఏ పనస? మా తోటలో మూడుండీవి" అన్నాడు చిన్నాన్న కొడుకు, మా తమ్ముడు.

నాకు ఒళ్లు మండింది. "సిన్నప్పుడు దాని మీంచి పడి సెయ్యి విరగ్గొట్టుకున్నావు, మర్సిపోనావేటి?" అన్నాను.

వాడు తలొంచుకోలేదు. "మర్సిపోలేదన్నయ్యా. ఏ పనసో కాయితంలో రాయాల్సింది నువ్వు కదా!"

పక్కనున్న కూలీలు నవ్వారు. కమిషనరు నా వైపు చూశాడు. పెద్దది అని రాశాను నిజమే. మూడూ పడిపోయాక అన్నీ పెద్దవే. నూతి నుంచి ఎన్ని అడుగులో ఒక్క అంకె వేసి ఉంటే ఈ గొడవే లేదు. హద్దు గుర్తుపట్టడం వీలుకాలేదని ఆయన నివేదిక ఇచ్చాడు.

రాజీ పడమన్నాడు మా లాయరు. నుయ్యి వదిలేస్తే మిగతాది తమ్ముడు రాసిస్తాడట.

"నుయ్యొదిలేసి నానేటి సేసుకోను, ఇసకా?" అంది అక్క. తిరుగు బస్సెక్కాం. హరిపురం దాటాక నా మోచెయ్యి పట్టుకుంది.

"ఒరే, ఆ కాయితం మళ్లీ రాయలేవేటిరా? ఈసారి సరిగ్గా రాసీ."

సంతకం పెట్టాల్సిన చిన్నాన్న ఇప్పుడు లేడు. వచ్చే వాయిదాకు సాక్షిగా నన్నే పిలిచారు. అవతలి లాయరు మొదటి ప్రశ్న ఏమిటో నాకు తెలుసు: ఏ పనసో కాగితంలో రాశారా? నా దగ్గరున్న జవాబు తమ్ముడికే పనికొస్తుంది.